మంచు చెప్పే సీమత్త

కిందటేడు బద్రీనాథ్ యాత్రకు పోయినప్పుడు మాకు మంచు పడింది. బస్సులో ఉన్నవాళ్ళంతా మార్కాపురం, కంభం, గిద్దలూరు వైపు వాళ్ళమే. ఎండలు ఎరిగినవాళ్ళమే గానీ మంచు ఎరిగినవాళ్ళం కాదు. గుడి కింద టీ దుకాణంలో కూచోనుంటే ఆకాశం బూడిదరంగుకు తిరిగి, తెల్లగా, నింపాదిగా రాలడం మొదలైంది. ఒక్క నిమిషంలో దుకాణం ఖాళీ. మోకాళ్ళ నొప్పులని బస్సు దిగడానికి మూలిగిన ముసలమ్మలు కూడా కుచ్చిళ్ళు ఎత్తిపట్టుకోని బయటికి పరుగెత్తినారు. మా ఆయన ఉన్నిటోపీ తీసేసి బట్టతల మీద మంచు పట్టించుకుంటున్నాడు.

నేను టీ గ్లాసు పట్టుకోని లోపలే కూచున్నాను.

"నువ్వు రావా? మళ్ళీ జన్మకు చూస్తామా ఇది?" అని కేకేసినాడు.

"నేను చూసిందే కదా," అన్నాను.

"యాడ చూసినావు?"

"మనూళ్ళో. మన గోడవతల."

ఆయన నవ్వబోయి ఆగినాడు. లోపలికొచ్చి నా పక్కన కూచున్నాడు. "సీమత్త," అన్నాడు. ఇద్దరం బయటికి చూసినాం. ఆమె చెప్పింది చెప్పినట్టే పడతా ఉంది.

సీమచింత, సీమసున్నం, సీమబొగ్గు ఉన్నట్టే మా ఊళ్ళో సీమత్త ఉండేది. అమ్మానాయనలు పెట్టిన పేరు వేరే ఉంది. ఆ పేరుతో పిలిస్తే ఆమే పలికేది కాదు. గొర్రెలు మేపుకునేవాళ్ళ ఇంటి ఆడబిడ్డ. దొరల పిల్లను ఎత్తుకోని ఓడెక్కి, ఇంగ్లండు సీమకు పోయి వచ్చిన మనిషి. బేస్తవారిపేట చుట్టుపక్కల అట్లాంటి మనిషి ఇంకొకరు లేరు.

నేను త్రిపురాంతకం నించి కాపరానికి వచ్చేనాటికి రెండో యుద్ధం జరుగుతా ఉంది. మాది అప్పుడు కర్నూలు జిల్లా, పైన మద్రాసు సర్కారు. వచ్చిన మర్నాడు పొద్దున్నే గోడవతల ఎవరో "థాంకీ, థాంకీ" అంటా ఉన్నారు. తొంగి చూస్తే, యాభై ఏండ్ల మనిషి, పొడుగ్గా, ఎముకలు బయటపడినట్టు ఉండే మనిషి, మేక పాలు పితికి దాని నొసలు నిమురుతా ఉంది. ఆ మేక పేరు థాంకీ అనుకున్నాను. కొన్నాళ్ళు నేను కూడా దాన్ని అట్లనే పిలిచి ఆకు పెట్టేదాన్ని. ఒకనాడు నేను పిలవడం విని సీమత్త నవ్వీ నవ్వీ గోడ పట్టుకోని కూలబడింది.

"దాని పేరు కాదు కోడలా. మనకేమన్నా ఇస్తే అనాల ఆ మాట. దొరసాని చెప్పింది. మనుషులకు చెబితే ఎగతాళి చేస్తాండారు. మేక చేయదు."

దొరసాని ఆమెకు ఉన్నితో అల్లిన చేతి తొడుగులు ఇచ్చి పంపింది. మా ఎండలకు వాటితో ఏం పని? సీమత్త పొయ్యి మీద నించి కుండ దింపేటప్పుడు వేసుకునేది. మసిపట్టి నల్లగా అయిపోయినాయి గానీ, మా వీధిలో చేతులు కాలనిది ఆమె ఒక్కతే. ఇంకొక అలవాటు, పైనించి ఏది రాలినా చెయ్యి చాచేది. వేపపువ్వు గానీ, జిల్లేడు దూది గానీ, చొప్ప తగలబెడితే ఎగిరొచ్చే మసి గానీ. మాట్లాడతా మాట్లాడతానే అరచెయ్యి చాపి, దాంట్లో పడినదాన్ని కాసేపు చూసి, ఊదేసేది.

ఎండాకాలం వచ్చిందంటే ఆమె పంచ ఖాళీగా ఉండేది కాదు. వడగాలికి నల్లమల వైపు కొండలు కూడా వణుకుతున్నట్టు కనపడే రోజులు. మధ్యాహ్నం పని ఉండదు, నిద్ర రాదు. ఆడోళ్ళు, మగోళ్ళు, గొర్రెల మందలు తోలుకోని పోతా నీళ్ళకు ఆగినోళ్ళు, అంతా ఆమె పంచలో కూలబడి "సీమత్తా, మంచు చెప్పు" అనేవాళ్ళు. కొందరికి అది వేడుక, కొందరు నమ్మేవాళ్ళు కూడా కాదు. అయినా వచ్చేవాళ్ళు. ఆమె చెబుతుంటే ఒళ్ళు చల్లబడేది. ఇది నేను ఊరికే అనడం లేదు. చెంబులో నీళ్ళు తాగడం మరిచిపోయి విన్నాను నేను.

"వాన చెప్పొస్తాది," అని మొదలుపెట్టేది. "ముందు గాలి లేస్తాది, ఉరుముతాది, మట్టివాసన వస్తాది. మంచు చెప్పదు. పొయ్యికాడ కూచోనుంటావు. బయట ఏందో తేడాగా ఉండాదే అనిపిస్తాది. ఏంది తేడా? శబ్దం లేదు. కుక్క మొరగదు, బండి కదలదు. లేచి తలుపు తీస్తే, అప్పటికే వచ్చేసుంటాది."

"ఎట్ల పడతాది సీమత్తా?"

"దూదేకుల సాయిబు దూది ఏకేటప్పుడు గదంతా తేలతా ఉంటాది చూడు, అట్ల. సాయిబు కనపడడు, విల్లు మోగదు, అంతే. వానకు తొందర. పడతానే ఏట్లోకో గుంతలోకో పరుగెత్తాల. దీనికి తొందర లేదు. యాడ వాలాల్నో చూసుకోని దిగినట్టు దిగుతాది. దొర మేడ మీద ఎంత పడిందో కోళ్ళగూటి మీదా అంతే, పేడదిబ్బ మీదా అంతే. తెల్లారి చూస్తే ఏది మేడో ఏది దిబ్బో చెప్పలేవు. నేను అట్లాంటిది యాడా చూడలేదమ్మా, పెద్దోళ్ళకూ చిన్నోళ్ళకూ ఒకటే కొలత."

గొర్రెలవాళ్ళు ఉంటే గొర్రె కథ చెప్పాల్సిందే. దొర తల్లిగారి ఊరు కొండల్లో. ఆడ ఒక పెద్ద మంచులో మంద సగం కూరుకుపోయింది. మగోళ్ళు కర్రలతో పొడిచి పొడిచి వెతుకుతున్నారు. సీమత్త దొరబిడ్డను పనిమనిషి చేతిలో పెట్టి, మోకాలి లోతు మంచులో నడుచుకుంటా పోయి, మన గొల్లోళ్ళు పిలిచినట్టు "బ్ర్ర్ర్ హో" అని పిలిచిందంట. అడుగున యాడనో ఒకటి మే అన్నది. అది అన్నకాడ తవ్వినారు. ఆ పొద్దంతా ఆమె పిలుస్తా పోతే వాళ్ళు తవ్వుతా పోయినారు.

"తెలుగులో పిలిస్తే తెల్లోళ్ళ గొర్రె ఎట్ల పలికిందమ్మా?" అని ఎవరో ఒకరు అడిగేవాళ్ళు.

"బతకాలనుకున్న గొర్రెకు ఏ మాటయితే ఏంది?" అనేది.

ఇంకొక పని కూడా ఆమె మీద పడింది. జ్వరం వచ్చి ఒళ్ళు కాలిపోతున్న పిల్లల ఇండ్లకు ఆమెను పిలిచేవాళ్ళు. ఐసు ముక్క ఎట్లుంటుందో తెలియని ఊళ్ళు. తడిగుడ్డ ఒక్కటే ఆధారం. ఆమె పోయి మంచం పక్కన కూచోని, గుడ్డ తడుపుతా, మంచు చెప్పేది. ఏ ఇంట్లోనూ చెయ్యి చాచింది లేదు. అంటుజబ్బని ఎవరూ గడప తొక్కని ఇండ్లకు కూడా పోయింది.

ఇట్ల ఊరి బిడ్డలందరికీ మంచు చెప్పిన మనిషికి ఒక కూతురుంది. ఆ కూతురు ఆమె నోట ఒక్క మాట కూడా విన్నది కాదు. ఈ సంగతి నాకు మా అత్తగారు చెప్పింది.

సీమత్త మొగుడు కలరాతో పోయినాడు. మూడేండ్ల ఆడబిడ్డ చేతిలో. తమ్ముడి ఇంటికి చేరి, గిద్దలూరులో రైల్వే దొర బంగళాలో ఆయాగా కుదిరింది. ఆ దొర పని ముగించుకోని సీమకు పోతా, భార్య పచ్చిబాలెంతరాలు, ఓడలో చంటిదాన్ని చూసుకోను రమ్మన్నాడు. ఎండలకు పోయి చలికాలానికి తిరిగొస్తావు, ఎవరో ఒకరు ఈ వైపు వచ్చే దొరలుంటారు, వాళ్ళ ఓడ ఎక్కిస్తామన్నారు. సొంతంగా నాలుగు గొర్రెలు కొనుక్కుంటే బిడ్డను ఎవరి చేతికిందా పెట్టకుండా పెంచుకోవచ్చునని బయలుదేరింది. బిడ్డను తమ్ముడి పెళ్ళానికి అప్పజెప్పింది. ఆమెకు పిల్లలు లేరు.

పోయిన మనిషి ఆ చలికాలానికి రాలేదు. మళ్ళీ చలికాలానికీ రాలేదు. వచ్చేసరికి బిడ్డ తమ్ముడి పెళ్ళాన్ని "అమ్మా" అంటా ఉంది. కన్నతల్లిని చూసి ఆమె వెనకాల దాక్కుంది. ఇంక బయటికి రాలేదు. పెరిగింది, హనుమంతునిపాడుకు కాపరానికి పోయింది, పిల్లలు పుట్టినారు. మేనమామ ఇంటికని మా ఊరు వచ్చేది గానీ, నాలుగిండ్ల అవతల ఉన్న తల్లి గడప తొక్కేది కాదు. ఆమె వచ్చిన రోజుల్లో సీమత్త పంచలో ఎవరినీ కూచోనిచ్చేది కాదు. గోడకానుకోని ఆ వైపు చెవి పెట్టి ఉండేది.

నా పెళ్ళయిన రెండో ఎండాకాలం. వానలు లేక బావులు అడుగంటినాయి. సీమత్త తమ్ముడు మందను తోలుకోని నల్లమలలోకి పోయినాడు. ఆ ఇంట్లో తమ్ముడి పెళ్ళాం, పిల్లతో వచ్చిన కూతురు, ఇద్దరే. వచ్చిన నాలుగైదు రోజులకే ఆ పిల్లకు జ్వరం పట్టుకుంది. విడవదు. మార్కాపురం నించి డాక్టరును పిలిపించినారు. మందు ఇచ్చి, ఒళ్ళు చల్లగా ఉంచండి, అదే ముఖ్యం అన్నాడు. పిల్ల "మంట, మంట" అని తప్ప ఇంకో మాట అనడం లేదు. ఊళ్ళో ప్రతి ఒక్కరికీ తెలుసు ఎవరిని పిలవాల్నో. కూతురు పిలవలేదు.

సీమత్త మూడు పొద్దులు అన్నం ముట్టలేదు. "నేనైనా పోయి చెప్పనా అత్తా?" అంటే వద్దని తల ఊపింది. "అది రమ్మనాల కోడలా. నా అంతట నేను పోతే దానికి ఆ మేనమామ ఇంటి గడప కూడా లేకుండా చేసినట్టయితాది."

ఆ మధ్యాహ్నం తమ్ముడి పెళ్ళామే వచ్చింది. చెప్పుల్లేకుండా ఆ ఎండలో.

"వదినా, లెయ్యి. పిల్ల కండ్లు తేలేస్తాంది."

"అది పిలిచిందా?"

"నేను పిలుస్తాండా. లెయ్యి."

నేను కూడా వెనకాలే పోయినాను, మా కడవలో ఉన్న నీళ్ళు ఎత్తుకోని. కూతురు మంచం పట్టె పట్టుకోని కూచోనుంది. తల్లిని చూసి లేచి నిలబడింది. "ఈమెను ఎవరు పిలిచినారు?" అన్నది.

"నేనే. నా ఇంటికి నేను పిలుచుకున్నా," అన్నది తమ్ముడి పెళ్ళాం.

కూతురు గోడవైపు తిరిగి నిలబడింది. బయటికి మాత్రం పోలేదు. సీమత్త ఆమెను చూడను కూడా చూడకుండా కింద కూచోని, గుడ్డ తడిపి పిల్ల నొసటి మీద వేసింది. మొదలుపెట్టింది. వాన చెప్పొస్తాది, మంచు చెప్పదు. అంతకుముందు ఎన్నిసార్లు విన్నానో గానీ అంత మెల్లగా చెప్పడం ఎప్పుడూ వినలేదు. ఒక్కో మాటా దిగి, పిల్ల మీద వాలి, ఆగి, తర్వాత ఇంకోటి. పిల్ల మూలుగు ఆగింది. కాసేపటికి కండ్లు తెరిచింది. గొర్రెలకోసం తవ్వే చోటికి వచ్చేసరికి సీమత్త ముఖమే చూస్తా ఉంది.

"అవ్వా," అన్నది. జ్వరానికి పెదాలు పగిలిపోయినాయి. "నువ్వు మంచు తేలేదా?"

సీమత్త చెయ్యి ఆగింది.

"తేవాలనే చూసినానమ్మా," అన్నది. "దొరసాని నాకు రేకుపెట్టె ఇచ్చింటే, నా గుడ్డలు తీసేసి, పాత చీర పరిచి, దాంట్లో మంచు నింపినా. మా ఇంటికాడ నాకొక బిడ్డ ఉండాది, దానికి చూపిద్దామని. నోటితో చెబితే చిన్నపిల్ల నమ్మదు, చేతిలో పెడితే నమ్ముతాది అనుకున్నా. మూత వేసి మంచం కింద పెట్టుకున్నా. పొద్దున్నే తీస్తే చీర తడిసి ఉండాది. ఇంకేం లేదు."

"మళ్ళా నింపలేదా?"

"నింపినా. ఈసారి బయట చలిలో పెట్టినా. నిలిచింది. వారంలో ఓడ దొరుకుతాదన్నారు. రోజూ పోయి మూత తీసి చూసుకునేదాన్ని. ఓడ దొరకలేదు. వచ్చే వారం అన్నారు, ఆ పై వారం అన్నారు. చలి పోయింది. అదీ పోయింది. ఓడ దొరికేసరికి ఇంకో ఏడు గడిచింది."

గోడవైపు తిరిగి ఉన్న కూతురు అట్లనే అన్నది, "మూడేండ్ల బిడ్డకు మంచెందుకు? అమ్మ కావాల గానీ."

"అవునమ్మా," అన్నది సీమత్త.

"దొరబిడ్డ మీద మోజుతో ఉండిపోయినావంట కదా. నీకు అదే బిడ్డ అయిపోయిందంట. నేనింక వద్దని చెప్పినావంట."

సీమత్తకు వెంటనే అర్థం కాలేదు. "ఎవరన్నారు ఆ మాట?"

పొయ్యికాడ గంజి కాస్తున్న తమ్ముడి పెళ్ళాం గరిటె పక్కన పెట్టింది.

"నేనన్నా," అన్నది. "ఏం చేయను వదినా? రైలు కూత విన్నదంటే పట్టాలకాడికి పరుగెత్తేది. వచ్చే ప్రతి రైల్లో నువ్వుంటావని. ఒకనాడు వెతుక్కుంటా పోతే పట్టాల మీద కూచోని ఆడుకుంటా ఉండాది. బండి వచ్చే వేళ. ఎత్తుకోని ఇంటికొచ్చి, మీ అమ్మ ఇంక రాదు, నువ్వొద్దని చెప్పింది, ఆడనే ఉండిపోయింది అని చెప్పినా. మళ్ళా పోలేదు అది. నువ్వు వచ్చినాక చెప్పాల్సింది. అప్పటికి నన్ను అమ్మా అంటా ఉండె. నాకింకెవరుండారు? నోరు రాలేదు."

ఆ ఇంట్లో మేము నలుగురం ఆడోళ్ళం, జ్వరంతో ఒక పిల్ల. ఇన్నేండ్ల కడుపుకోత ఇప్పుడు ఎట్ల బయటపడుతుందో, ఎవరి మీద పడుతుందో అని చూస్తా నిలబడినాను.

సీమత్త లేచింది. తమ్ముడి పెళ్ళాం దగ్గరికి పోయింది. ఆమె తల వంచుకోని ఉంది. సీమత్త రెండు చేతులతో ఆమె ముఖం ఎత్తింది.

"పట్టాల మీద నించి తెచ్చినావు నా బిడ్డను," అన్నది. "ఇంక ఏం మాట్లాడొద్దు."

అంతే. వచ్చి మంచం పక్కన కూచోని గుడ్డ తడుపుకుంది.

కూతురు గోడ వదిలి పెరట్లోకి పోయింది. చాలాసేపు రాలేదు. వచ్చినప్పుడు ముఖం కడుక్కోని ఉంది. మంచానికి ఆ వైపు కింద కూచోని, తల్లి చేతిలో గుడ్డ తీసుకోని తాను పిండింది. పిల్ల కాళ్ళకు చుట్టింది. ఎవరి ముఖమూ చూడకుండా, "గొర్రెది సగంలో ఆపినావు, పిల్ల ఎదురు చూస్తాంది," అన్నది.

సీమత్త పిల్ల పక్కకు జరిగి, "యాడికొచ్చినాం?" అన్నది.

"తవ్వతా ఉండారు," అన్నది కూతురు.

ఆ జ్వరం మంచుతో దిగిందని నేను చెప్పను. డాక్టరు మందు పని చేసి ఉంటుంది. పది పన్నెండు రోజులకు పిల్ల లేచి తిరిగింది. బండి కట్టుకోని హనుమంతునిపాడుకు పోయే రోజు, కూతురు రెండిండ్లలోనూ చెప్పి పోయింది. తమ్ముడి పెళ్ళాన్ని "పోయొస్తా అమ్మా" అన్నది. మా గోడవతలికి వచ్చి పంచలో నిలబడి, ఏమని పిలవాల్నో తెలియక కాసేపు తన కొంగు సవరించుకుంది. చివరకు "వానలు పడినాక నువ్వు రా," అన్నది. పేరు గానీ వరస గానీ లేకుండా, ఉత్త "నువ్వు". సీమత్త ఆ ఒక్క మాట మీద ఆ వేసవంతా బతికింది.

వానలకు పోయింది. ఆ తర్వాత ఏడాదిలో సగం హనుమంతునిపాడులోనే ఉండేది. ఈడ ఉన్నన్నాళ్ళు తమ్ముడి పెళ్ళాంతో కలిసి ఒకే పొయ్యి మీద వండుకునేది. ఆమెను ఎవరన్నా పాత సంగతి ఎత్తి ఏమన్నా అంటే సీమత్త ఊరుకునేది కాదు. "నా బిడ్డ నడుస్తా ఉండాదంటే ఆమె చేతి చలవ," అనేది. ఇన్నేండ్ల నా బతుకులో పగ పట్టను కారణం ఉండీ పట్టని మనుషులను ఒకరిద్దరినే చూసినాను. అందులో ఆమె ముందుంటుంది.

స్వరాజ్యం రాకముందే, ఒక చలికాలం, కూతురి ఇంట్లోనే పోయింది. నిద్రలోనే పోయిందని కబురొచ్చింది. దినం రోజుకు మా ఆయనా నేనూ బండి మీద హనుమంతునిపాడు పోయినాం, తమ్ముడి పెళ్ళాన్ని కూడా కూచోబెట్టుకోని. కర్మ ముగిసింది, భోజనాలయినాయి. సాయంత్రం ఆడోళ్ళం అలసిపోయి పంచలో చేరగిలబడి ఉంటే, పిల్లలు కూతురి చుట్టూ మూగినారు. అవ్వ లేదు, ఇంక మంచు ఎవరు చెబుతారని వాళ్ళ దిగులు.

"నేను చెప్తా, కూచోండి," అన్నది కూతురు.

చెప్పింది. తల్లి మాటలే, తల్లి ఆగినకాడే ఆగి. శబ్దం లేకపోవడం, తలుపు తీయడం, దూదేకుల సాయిబు. నేను కండ్లు మూసుకోని వింటా ఉన్నాను. మధ్యలో, "మా అమ్మ నా చెయ్యి పట్టుకోని బయటికి పిల్చుకపోయింది," అన్నది. నేను కండ్లు తెరిచినాను. "మేమిద్దరం ఆ తెల్లటి బయల్లో నిలబడుకున్నాం. నాకప్పుడు మూడేండ్లు. పైనించి దిగతానే ఉండాది. మా అమ్మ చూపించింది, అదో ఆడ చూడు, అది పేడదిబ్బ, అది మేడ."

నేను తమ్ముడి పెళ్ళాం వైపు చూసినాను. ఆమె నోటికి కొంగు అడ్డం పెట్టుకోని, చెప్పనీ అన్నట్టు నాకు సైగ చేసింది.

జ్వరం నించి లేచిన ఆ పిల్ల అప్పటికి పెద్దదయింది, అన్నీ తెలుసుకునే వయసు. తల్లిని తేరిపార చూసి అడిగింది, "నీకు చలెయ్యలేదా అమ్మా?"

"ఎందుకేస్తాది?" అన్నది కూతురు. "మా అమ్మ నన్ను కొంగులో చుట్టుకోనుండాది కదా."